లింక్ ఒకటే, లాగిన్లు రెండు

పది గంటలకు మీటింగ్. ఒక నిమిషం ముందు లింక్ నొక్కితే జూమ్‌లో మెసేజ్ వస్తుంది: ఈ మీటింగ్ అనుమతి ఉన్నవాళ్లకు మాత్రమే, చేరాలంటే అకౌంట్ మార్చండి అని. పిలిచింది మనల్నే, లింక్ వచ్చింది మనకే, అయినా రానివ్వదు. ఆరా తీస్తే విషయం ఇంతే: ఆహ్వానం ఆఫీసు మెయిల్‌కు వచ్చింది, యాప్‌లో లాగిన్ అయి ఉన్నది సొంత జీమెయిల్‌తో. మీటింగ్ పెట్టినవాళ్లు తమ సంస్థ మెయిల్ ఉన్నవాళ్లే రావాలని సెట్టింగ్‌లో టిక్కు పెట్టారు. యాప్ మన ముఖం చూసి గుర్తుపట్టదు, దానికి తెలిసిందల్లా లాగిన్.

ఇలాంటప్పుడు ‘ముందే చూసుకోవాలి కదా’ అని తప్పంతా వాడేవాళ్ల మీదకు నెట్టేయడం మామూలే. అది సగమే నిజం. లింక్ ఒక దారిన వస్తుంది, లాగిన్ ఇంకోచోట ఉంటుంది. లింక్ వాట్సాప్ గ్రూపులో పడొచ్చు, క్యాలెండర్‌లో ఉండొచ్చు, ఎవరో ఫార్వర్డ్ చేయొచ్చు. లాగిన్ మాత్రం ఎప్పుడో నెలల కిందట బ్రౌజర్‌లోనో యాప్‌లోనో చేసి మర్చిపోయినది. లింక్ ఫంక్షన్ హాల్ అడ్రస్ లాంటిది. అడ్రస్ తెలిసినవాళ్లు ఎవరైనా గేటు దాకా రాగలరు, లోపలికి వెళ్లేది మాత్రం పిలిచినవాళ్లు మనల్ని ఎవరిగా గుర్తుపట్టారన్నదాన్ని బట్టే. ఈ రెండూ వేరని తెలియక, లింక్ పనిచేయడం లేదనుకుని ‘మళ్లీ పంపండి’ అని అడిగేవాళ్లే ఎక్కువ. మళ్లీ పంపినా అదే లింక్ కదా.

మెయిల్‌లో అకౌంట్ మారిస్తే మారేది కళ్ల ముందు కనిపించే ఉత్తరాలే. మీటింగ్ యాప్‌లో వ్యవహారం అంత తేలిక కాదు. లోపలికి రానివ్వాలా వద్దా, మీటింగ్ ఎంతసేపు నడవాలి, మ్యూట్ చేసే అధికారం ఎవరిది, రికార్డింగ్ ఎవరి దగ్గరకు చేరాలి, ఇవన్నీ అకౌంట్‌ను బట్టే తేలతాయి. సమయం సంగతే చూడండి. జూమ్ ఉచిత అకౌంట్‌తో పెట్టిన మీటింగ్ 40 నిమిషాలకు ఆగిపోతుంది. గూగుల్ మీట్‌లో ఉచిత అకౌంట్‌తో పెట్టినదానికి, ముగ్గురు లేదా అంతకు మించి చేరితే, 60 నిమిషాల గడువు. ఈ గడువు చేరేవాళ్ల అకౌంట్‌ను బట్టి కాదు, పెట్టినవాళ్ల అకౌంట్‌ను బట్టి ఉంటుంది. వంద మందిలో తొంభై తొమ్మిది మందికి పెయిడ్ ప్లాన్ ఉన్నా, లింక్ తయారు చేసిన ఒక్కరిది ఉచిత అకౌంట్ అయితే అంతే సంగతులు.

డాలస్‌లో కొడుకు గృహప్రవేశం, సత్యనారాయణ వ్రతం జూమ్‌లో. తెనాలిలో అమ్మానాన్న, విశాఖలో మేనత్త, సిడ్నీలో చెల్లెలు, అందరూ చేరారు. వ్రతకథ అయిదు అధ్యాయాలు. సంకల్పం, గణపతి పూజ, నవగ్రహాల ఆవాహన అయ్యేసరికే 40 నిమిషాలు దగ్గర పడతాయి. మొదటి అధ్యాయం మొదలయ్యేలోపు తెర ఖాళీ. ఆ కొడుక్కి పెయిడ్ అకౌంట్ కూడా ఉంది, కానీ లింక్ చేసింది వేరే లాగిన్‌తో. మీటింగ్ మొదలయ్యాక హడావుడిగా పెయిడ్ అకౌంట్‌లోకి మారి చేరినా ఉపయోగం లేదు, గడువు పుట్టుకతో వచ్చినది. కొత్త లింక్ చేసి అందరికీ పంపాల్సిందే. (పెయిడ్ అకౌంట్ ఆఫీసువాళ్లు ఇచ్చిందైతే దాంతో వ్రతం చేయించుకోవచ్చా అన్నది వేరే పంచాయితీ.)

అకౌంట్ తేడా పడితే గొడవ గుమ్మం దగ్గరే ఆగదు. గూగుల్ మీట్‌లో ఆహ్వానం ఒక మెయిల్‌కు వచ్చి, మనం ఇంకో మెయిల్‌తో వెళ్తే చాలాసార్లు ‘చేరడానికి అడగండి’ అన్న బటన్ వస్తుంది. అడుగుతాం, లోపల ఎవరో ముఖం గుర్తుపట్టి రానిస్తారు. హమ్మయ్య అనుకునేలోపు చాట్‌లో ఒక గూగుల్ డాక్ లింక్ పడుతుంది. నొక్కితే ‘మీకు యాక్సెస్ లేదు’. ఫైలు పంచింది ఆహ్వానం వెళ్లిన మెయిల్‌తో, మనం కూర్చున్నది వేరే మెయిల్‌తో. మీటింగ్ అయ్యాక హాజరు రిపోర్టు నిర్వాహకుల చేతికి వెళ్లొచ్చు. అందులో పడేది మనం చేరిన అకౌంట్ వివరాలే. ట్రైనింగ్‌లో మూడు గంటలు కూర్చుని కూడా సర్టిఫికెట్ రాలేదని హెచ్ఆర్‌కు ఫోన్లు చేసేవాళ్ల కథల వెనక ఉండేది తరచూ ఇదే. హాజరు పడింది, ఇంకో పేరు మీద.

మనిషికీ హాజరుకీ తేడా గజిబిజి కావడం వాడేవాళ్లకే పరిమితం కాలేదు. 2020 ఏప్రిల్‌లో జూమ్ తనకు రోజుకు 30 కోట్లమంది యూజర్లు ఉన్నారని చెప్పి, తర్వాత ఆ మాటను ‘మీటింగ్‌లలో పాల్గొన్నవాళ్లు’ అని దిద్దుకుంది. ఒకే మనిషి రోజుకు అయిదు మీటింగ్‌లకు వెళ్తే అయిదుగా లెక్క పడే అంకె అది.

ఇక ఒక్కో యాప్ తీరు ఒక్కోటి. గూగుల్‌తోనే మొదలుపెట్టాలి, ఎందుకంటే మన ఫోన్లలో, ల్యాప్‌టాప్‌లలో రెండు మూడు జీమెయిళ్లు ఒకేసారి తెరిచి ఉండటం సర్వసాధారణం. ఒక బ్రౌజర్‌లో మూడు అకౌంట్లతో లాగిన్ అయితే, మొదట లాగిన్ అయినది డిఫాల్ట్, అంటే మనం వేరే చెప్పకపోతే దానంతట అది వాడేది. గూగుల్ వాటికి లోపల 0, 1, 2 అని వరస సంఖ్యలు ఇస్తుంది. వాట్సాప్ నుంచో ఎస్సెమ్మెస్ నుంచో లింక్ నొక్కితే మామూలుగా 0 నంబరు అకౌంట్‌తో తెరుచుకుంటుంది. రెండో అకౌంట్ జీమెయిల్ లోపలి నుంచి అదే లింక్ నొక్కితే చాలాసార్లు ఆ అకౌంట్‌తోనే తెరుచుకుంటుంది. అందుకే ‘నిన్న బాగానే వచ్చింది, ఇవాళ రావడం లేదు’ అనిపిస్తుంది. మీటింగ్ మారలేదు, లింక్ నొక్కిన చోటు మారింది.

ఇందులోనే ఒక చిన్న తిరకాసు ఉంది. మీట్ తెరిచి ఉన్నప్పుడు అడ్రస్ బార్‌లో లింక్ చివర ఒక్కోసారి ఆథ్‌యూజర్ (authuser) అన్న మాట, దాని పక్కన సమానం గుర్తు, ఒక అంకె కనిపిస్తాయి. అది ఈ బ్రౌజర్‌లో ఏ నంబరు అకౌంట్‌తో తెరవాలో చెప్పే గుర్తు. ఆ లింక్‌ను ఉన్నది ఉన్నట్టు కాపీ చేసి గ్రూపులో పెడితే, అంకె కూడా వెంట వెళ్తుంది. అవతలివాళ్ల దగ్గర దానికి అర్థం మన రెండో అకౌంట్ కాదు, వాళ్ల రెండో అకౌంట్. పాపం వాళ్లు తమ వైపు ఏదో తేడా ఉందనుకుని బ్రౌజర్ మూసి తెరుస్తూ ఉంటారు. పంపాల్సింది మూడు, నాలుగు, మూడు అక్షరాలుగా మధ్యలో గీతలతో ఉండే మీటింగ్ కోడ్ వరకే. ప్రశ్న గుర్తు దగ్గర్నుంచి ఉన్న తోక కోసేయాలి.

మీట్‌లో చేరే ముందు కెమెరా, మైకు చూసుకునే పేజీ ఒకటి వస్తుంది. అక్కడే ఏ మెయిల్‌తో ఉన్నామో చిన్న అక్షరాల్లో రాసి ఉంటుంది, పక్కన ‘అకౌంట్ మార్చు’ అన్న లింక్ ఉంటుంది. ఫోన్ యాప్‌లో పైన కుడివైపు ప్రొఫైల్ ఫొటో నొక్కితే అకౌంట్ల జాబితా వస్తుంది. సదుపాయం ఉంది. కానీ ఆ పేజీలో మన కళ్లు పోయేది జుట్టు సరిగ్గా ఉందా, వెనక మంచం మీద బట్టలు కనిపిస్తున్నాయా అన్నదాని మీదకే. ఎవరి పేరుతో లోపలికి వెళ్తున్నామన్న ముఖ్యమైన సంగతిని మూలన ఇరికించి, కెమెరా బొమ్మను సగం తెర నిండా పెట్టడం డిజైన్ చేసినవాళ్ల లోపమే. ‘ఆహ్వానం ఫలానా మెయిల్‌కు వచ్చింది, మీరు ఇంకోదానితో ఉన్నారు’ అని ఒక్క వాక్యం అడ్డంగా చూపిస్తే సగం తలనొప్పులు తగ్గుతాయి.

జూమ్‌లో చిక్కు ఇంకో రకం. వెబ్‌సైట్ లాగిన్ వేరు, కంప్యూటర్‌లో వేసుకున్న యాప్ లాగిన్ వేరు. బ్రౌజర్‌లో ఆఫీసు అకౌంట్‌తో, యాప్‌లో సొంత అకౌంట్‌తో ఒకేసారి ఉండొచ్చు. వెబ్‌సైట్‌లో మీటింగ్ షెడ్యూల్ చేసి, యాప్‌లోంచి చేరబోతే ‘హోస్ట్ కోసం ఎదురుచూస్తున్నాం’ అని వస్తుంది. ఆ హోస్ట్, అంటే మీటింగ్ పెట్టినవాళ్లు, తామే అయి ఉండి, తమ కోసం తామే ఎదురుచూస్తూ కూర్చోవడం చూడటానికి నవ్వులాటగానే ఉంటుంది, అవతల నలభై మంది వెయిటింగ్‌లో ఉంటే మాత్రం టెన్షన్. ఆ తెర మీదే ‘మీరే హోస్ట్ అయితే సైన్ ఇన్ అవ్వండి’ అన్న మాట ఉంటుంది, కంగారులో ఎవరూ చదవరు.

మీటింగ్ అప్పటికే మొదలై, అకౌంట్ మార్చుకునే తీరిక లేకపోతే హోస్ట్ కీ అనే రహస్య సంఖ్య ఒకటి ఉంది. జూమ్ వెబ్‌సైట్‌లో మన ప్రొఫైల్ పేజీలో దాన్ని చూడొచ్చు. పార్టిసిపెంట్ల జాబితాలో ‘క్లెయిమ్ హోస్ట్’ నొక్కి ఆ సంఖ్య కొడితే, ఏ లాగిన్‌తో ఉన్నా అధికారం చేతికి వస్తుంది. దీన్ని ఎవరికీ వాట్సాప్‌లో పంపకూడదని వేరే చెప్పనక్కర్లేదు. ఆల్టర్నేటివ్ హోస్ట్‌గా, అంటే హోస్ట్ బదులు మీటింగ్ నడిపేవారిగా, మన రెండో మెయిల్‌నే పెట్టేసుకుంటే సరిపోదా అనిపించొచ్చు. కుదరదు. అదే సంస్థ అకౌంట్ కింద లైసెన్సు ఉన్నవాళ్లనే అలా పెట్టడానికి వీలుంటుంది, సొంత జీమెయిల్ దానికి పనికిరాదు. ఇంకో నిబంధన కూడా ఉంది. ఒక జూమ్ అకౌంట్‌తో ఒకసారికి ఒక కంప్యూటర్, ఒక ఫోన్, ఒక ట్యాబ్లెట్ మీదే లాగిన్ అయి ఉండగలం. ఆఫీసు డెస్క్‌టాప్ మీద లాగిన్ వదిలేసి ఇంట్లో ల్యాప్‌టాప్‌లో లాగిన్ అయితే అక్కడిది దానంతటదే పోతుంది. ఒకే అకౌంట్‌ను ట్యూషన్ సెంటర్‌లో నలుగురు టీచర్లు పంచుకుంటే క్లాసు మధ్యలో ఒకరిని ఇంకొకరు బయటికి తోసేసుకోవడం ఇందువల్లే.

ఈ రెండు లాగిన్ల బాధను రోజూ మోసేది మాదాపూర్, గచ్చిబౌలి వైపు సర్వీసు కంపెనీల్లో పనిచేసేవాళ్లు. చాలామందికి రెండు ఆఫీసు ఐడీలు ఉంటాయి. జీతమిచ్చే కంపెనీది ఒకటి, ప్రాజెక్టు కోసం క్లయింట్ ఇచ్చింది ఒకటి. సాయంత్రం స్టాండప్ (రోజువారీ చిన్న మీటింగ్) క్లయింట్ ఐడీతో, అప్రైజల్ మాటలు సొంత కంపెనీ ఐడీతో. పాత మైక్రోసాఫ్ట్ టీమ్స్ డెస్క్‌టాప్ యాప్ ఒకటే ఆఫీసు అకౌంట్‌ను పెట్టుకోనిచ్చేది, దానికి తోడు ఒక సొంత అకౌంట్. రెండో ఆఫీసు అకౌంట్ కావాలంటే సైన్ అవుట్ అయి, మళ్లీ పాస్‌వర్డ్, మళ్లీ ఫోన్‌లో ఓటీపీ. అందుకే జనం తమ మార్గం తాము కనిపెట్టుకున్నారు: ఒకటి యాప్‌లో, ఒకటి క్రోమ్‌లో, మూడోది ఉంటే ఇన్‌కాగ్నిటోలో, అంటే మూసేయగానే లాగిన్ మర్చిపోయే బ్రౌజర్ కిటికీలో. ఫోన్ యాప్‌లో మాత్రం అంతకు ముందే ఒకటికి మించి అకౌంట్లు పెట్టుకునే వీలుండేది. ఫోన్‌లో ఉన్న సౌకర్యం ల్యాప్‌టాప్‌కు రావడానికి అంతకాలం పట్టింది.

2023 అక్టోబరులో విండోస్, మ్యాక్‌లకు కొత్త టీమ్స్ వచ్చాక పరిస్థితి మారింది. ఒకటికి మించి అకౌంట్లు పక్కపక్కనే తెరిచి ఉంటాయి, ఒకదానిలో పని చేస్తుండగా ఇంకోదానికి వచ్చిన నోటిఫికేషన్ కనిపిస్తుంది, కాల్‌లో ఉండగా రెండో సంస్థ వైపు తొంగిచూసినా కాల్ తెగిపోదు. ఇక్కడ కలగాపులగమయ్యేవి రెండు. అకౌంట్ మార్చడం ఒకటి, ఒకే అకౌంట్‌తో ఉంటూ వేరే సంస్థలోకి గెస్టుగా వెళ్లడం ఒకటి. క్లయింట్ కొత్త ఐడీ ఇవ్వకుండా మన కంపెనీ మెయిల్‌నే గెస్టుగా చేర్చుకుంటే లాగిన్ అదే ఉంటుంది, మారేది సంస్థ. ప్రొఫైల్ ఫొటో నొక్కినప్పుడు వచ్చే జాబితాలో ఇవి రెండూ కలిసే కనిపిస్తాయి కాబట్టి, గెస్టుగా వెళ్లాల్సిన మీటింగ్‌కు మామూలుగా వెళ్లి లాబీలో (టీమ్స్‌లో లోపలికి రానిచ్చేదాకా ఆగే చోటు) నిలబడటం తప్పదు. దీనికి తోడు 2025 మే 5న మైక్రోసాఫ్ట్ పాత వీడియో కాల్ యాప్ స్కైప్ మూతపడింది, ఆ పాత లాగిన్‌తోనే టీమ్స్ ఉచిత వెర్షన్‌లోకి రావచ్చని మైక్రోసాఫ్ట్ చెప్పింది. ఊళ్లో ఉన్న అమ్మానాన్నలతో మాట్లాడటానికి పదిహేనేళ్ల కిందట తెరిచిన స్కైప్ ఐడీ ఇప్పుడు ఆఫీసు ఐడీల పక్కన వరసలో చేరి కూర్చుంది.

ఇంతా చేసి మీటింగ్ మధ్యలో అకౌంట్ మార్చుకునే బటన్ ఎందుకు లేదన్నది న్యాయమైన ప్రశ్న. పరికరం మార్చుకునే బటన్ ఉంది మరి. ల్యాప్‌టాప్‌లో మాట్లాడుతూ ఫోన్‌కు మారాలంటే జూమ్‌లోనూ మీట్‌లోనూ ‘స్విచ్’ నొక్కితే చాలు, కాల్ అటు వెళ్లిపోతుంది. షరతు ఒకటే, రెండు చోట్లా లాగిన్ ఒకటే అయి ఉండాలి. యంత్రం మారినా మనిషి మారలేదని సర్వర్‌కు నమ్మకం కుదరాలి. చేరే క్షణంలో సర్వర్ ఆ అకౌంట్‌ను సరిచూసి, ఆ ఒక్క మీటింగ్‌కు చెల్లే టోకెన్, అంటే కంటికి కనిపించని ప్రవేశ చీటీ, ఇస్తుంది. హోస్టా, మామూలు సభ్యుడా, రికార్డు చేయొచ్చా అన్నవన్నీ దాని మీదే ఆధారపడతాయి. మధ్యలో అకౌంట్ మారిందంటే సర్వర్ లెక్కలో ఒకరు వెళ్లిపోయి ఇంకొకరు వచ్చినట్టే. అందుకే బయటికి వెళ్లి మళ్లీ రావాలి, కావాలంటే మళ్లీ వెయిటింగ్ రూమ్‌లో ఆగాలి. ఇది పనిగట్టుకుని పెట్టిన ఇబ్బంది కాదు. అలా మారనిస్తే హాజరు జాబితాకు విలువ ఉండదు, బోర్డు మీటింగ్‌లో ఎవరున్నారో, ఇంటర్వ్యూలో జవాబిచ్చింది ఎవరో తేలదు.

పేరు మార్చడాన్ని అకౌంట్ మార్చడంగా పొరబడేవాళ్లూ ఉన్నారు. జూమ్‌లో హోస్ట్ వద్దనకపోతే ‘రీనేమ్’ నొక్కి పేరు మార్చుకోవచ్చు. మారేది మన బొమ్మ కింద కనిపించే చీటీ మాత్రమే, లోపల లాగిన్ పాతదే. మీట్‌లో లాగిన్ అయినవాళ్లకు ఆ మాత్రం వీలు కూడా లేదు, గూగుల్ అకౌంట్‌లో ఏ పేరుంటే అదే కనిపిస్తుంది. కాలేజీ రోజుల్లో సరదాగా పెట్టుకున్న జీమెయిల్ పేరు ఇంటర్వ్యూ రోజు తెర మీద ప్రత్యక్షమయ్యేది ఇక్కడే.

ఒకే ఫోన్ ఇంటిల్లిపాదీ వాడే ఇళ్లలో ఈ చిక్కు ఇంకా ముదురుతుంది. కరోనా కాలంలో తెలంగాణ ప్రభుత్వ బడుల పిల్లలకు 2020 సెప్టెంబరు 1 నుంచి దూరదర్శన్ యాదగిరి, టీశాట్ చానళ్లలో పాఠాలు వచ్చాయి. టీవీకి లాగిన్ గొడవ లేదు. ప్రైవేటు బడుల పిల్లలకు జూమ్, మీట్ క్లాసులు. ఫోన్ అమ్మది, డిఫాల్ట్ అకౌంట్ అమ్మది, కాబట్టి క్లాసులో కనిపించే పేరు అమ్మ పేరు. టీచర్ హాజరు పిలిస్తే పిల్లాడు పలుకుతాడు, తెర మీద పేరు వేరు. బయటివాళ్లు ఎవరైనా దూరుతున్నారేమోనని అనుమానమొచ్చి తెలియని పేర్లను రానివ్వని టీచర్లను తప్పుపట్టలేం. బడివాళ్లు పిల్లలకు మెయిల్ ఐడీలు ఇచ్చినా, వాటిని ఫోన్‌లో చేర్చి, క్లాసు వేళకు అందులోకి మార్చాలని ఇంట్లో చెప్పేవాళ్లు ఎవరు?

అకౌంట్ మారినంత మాత్రాన అన్నీ మారిపోవు కూడా. 2021 ఫిబ్రవరిలో అమెరికాలోని టెక్సస్ రాష్ట్రంలో జూమ్‌లో కోర్టు విచారణ జరుగుతుండగా ఒక లాయరు గారి ముఖం స్థానంలో పిల్లికూన ప్రత్యక్షమైంది. ‘నేను పిల్లిని కాను’ అని ఆయన జడ్జికి చెప్పుకున్న వీడియో ప్రపంచమంతా తిరిగింది. ఆయన వాడింది తన సెక్రటరీ కంప్యూటర్. పేరూ హోదా లాగిన్‌తో వస్తాయి, ఫిల్టర్లూ కెమెరా మార్పులూ చాలావరకు యంత్రంలో ఉండిపోతాయి. తమ్ముడి ల్యాప్‌టాప్ తీసుకుని మన అకౌంట్‌తో ఇంటర్వ్యూకు కూర్చుంటే, వెనక వాడు పెట్టుకున్న హీరో పోస్టర్ బ్యాక్‌గ్రౌండ్ రావడానికి కారణం అదే.

అందుకే అకౌంట్లను మాటిమాటికీ మార్చే బదులు, ఒక్కోదానికి ఒక్కో చోటు కేటాయించడం మేలు. క్రోమ్‌లో ప్రొఫైళ్లు ఉన్నది ఇందుకే. ఆఫీసుకొకటి, ఇంటికొకటి తయారు చేసుకుని, పైన పట్టీకి వేర్వేరు రంగులు పెట్టుకుంటే ఒకదాని లాగిన్ ఇంకోదానికి తెలియదు. 0, 1, 2 వరస గొడవే రాదు, ఎందుకంటే ప్రతి ప్రొఫైల్‌లో ఉన్నది ఒక్క అకౌంటే. ఒక లోపం మాత్రం మిగులుతుంది. డెస్క్‌టాప్ వాట్సాప్ లాంటి వేరే యాప్ నుంచి లింక్ నొక్కితే అది మామూలుగా చివరిగా వాడిన ప్రొఫైల్‌లో తెరుచుకుంటుంది. కాబట్టి ముందు కావాల్సిన ప్రొఫైల్ కిటికీ మీద ఒకసారి నొక్కి, ఆ తర్వాత లింక్ నొక్కాలి. లేదంటే కోడ్ కాపీ చేసి ఆ కిటికీలో అతికించాలి. ఇన్‌కాగ్నిటోతో పని కానివ్వొచ్చు గానీ, ఎన్ని ఇన్‌కాగ్నిటో కిటికీలు తెరిచినా వాటన్నిటికీ లాగిన్ ఒకటేనని గుర్తుంచుకోవాలి. మూసేశాక మళ్లీ పాస్‌వర్డ్ కొట్టుకోవాలి.

ఫోన్‌లో ఇదే పనిని ఆండ్రాయిడ్ వర్క్ ప్రొఫైల్ చేస్తుంది. ఆఫీసువాళ్లు ఫోన్‌లో దాన్ని ఏర్పాటు చేస్తే ఒకే యాప్ రెండు ప్రతులుగా కనిపిస్తుంది, ఆఫీసు ప్రతి మీద చిన్న బ్రీఫ్‌కేస్ గుర్తుతో. ఒకే యాప్‌ను జంటగా పెట్టుకునేందుకు కొన్ని కంపెనీల ఫోన్లలో వేరే సదుపాయాలున్నాయి, కానీ అవి అన్ని యాప్‌లకూ పనిచేయవు.

ఆఫీసు ల్యాప్‌టాప్ విషయంలో ఈ కిటుకులేవీ సాగకపోవచ్చు. ఫలానా డొమైన్ (మెయిల్‌లో @ తర్వాత వచ్చే సంస్థ పేరు) అకౌంట్లు తప్ప ఇంకేవీ లాగిన్ కాకుండా గూగుల్ సేవలనూ, జూమ్ యాప్‌నూ కట్టడి చేసే వీలు ఐటీ విభాగాలకు ఉంది. మెనూలో అకౌంట్ మార్చే బటన్ కనిపిస్తుంది, నొక్కితే పని జరగదు. చాలామందికి ఇది కోపం తెప్పిస్తుంది గానీ, క్లయింట్ డేటా ఉన్న యంత్రంలోంచి సొంత డ్రైవ్‌లోకి రికార్డింగ్ వెళ్లకూడదనుకోవడంలో తప్పు లేదు. అలాంటి చోట పిల్లల టీచర్‌తో మీటింగ్ ఉంటే ఫోన్‌లో చేరడమే సులువు, చెవిలో ఇయర్‌ఫోన్ పెట్టుకుని, ల్యాప్‌టాప్‌లో నడుస్తున్న కాల్‌ను మ్యూట్ చేసి.